ఓల్డ్ డ్రైవర్ రిమూవ్

జలంధర్ ఇంజనీరు కాదు. ఈ ముక్క ముందే చెప్పేయడం మంచిది. ఎందుకంటే తనంతట తాను చెప్పే రకం కాదాయన.

ఖతర్‌లో పరాయి దేశస్థులకు ఇచ్చే గుర్తింపు కార్డును బతాకా అంటారు. జలంధర్ బతాకాలో వృత్తి అన్నచోట అరబ్బీలో 'హద్దాద్' అని ఉంటుంది. ఇనుప పనివాడు అని అర్థం. తొంభై రెండులో కరీంనగర్ జిల్లా మెట్‌పల్లి పక్క ఊరి నుంచి వచ్చి, అల్ ఖోర్ దగ్గర సైట్లో మూడేళ్ళు కాంక్రీటు రాడ్లు వంచాడు. మధ్యాహ్నపు ఎండకు కాగిన రాడ్డు తోలు తొడుగులోంచి కూడా అరచేయి కాలుస్తుంది. ఆ మచ్చలు ఇప్పటికీ ఉన్నాయి. ఏ రాడ్డు ఎంత పొడవో, ఎక్కడ వంచాలో రాసిన పట్టీలు సైటాఫీసు నుంచి వచ్చేవి. వాటిలో తప్పులుంటే పట్టుకుని వెనక్కి పంపే కూలీ ఇతనొక్కడే. ఆ పట్టీలు కంప్యూటర్లో ఎక్కించే గుమాస్తా సెలవు మీద ఇంటికి పోయి మళ్ళీ రాకపోయేసరికి, అసలు ఇంజనీరు ఇతన్ని పట్టుకొచ్చి ఆ కుర్చీలో కూర్చోబెట్టాడు. జీతం పాతదే, ఏసీ మాత్రం కొత్త.

కంపెనీ కొన్నవన్నీ చవక కంప్యూటర్లు. నెలకోసారి ఏదో ఒకటి మొండికేసేది. మళ్ళీ మొదటినుంచి విండోస్ ఎక్కిస్తే రంగులన్నీ పోయి తెర వెలవెలబోయేది. తెర మీద బొమ్మ చూపించడానికి పెట్టె లోపల ఒక కార్డు ఉంటుందనీ, ఆ కార్డును నడిపించే చిన్న ప్రోగ్రామును డ్రైవర్ అంటారనీ, ఏ కార్డుకు ఆ డ్రైవరే కావాలనీ జలంధర్ తంటాలు పడి నేర్చుకున్నాడు. సరైన డ్రైవర్ లేకపోతే కంప్యూటర్ పదహారు రంగులతోనే సరిపెడుతుంది. మనుషుల ముఖాలు పసుపు పచ్చ మచ్చలతో, కామెర్లొచ్చినట్టు కనిపిస్తాయి. సరైన డ్రైవర్ దొరికినా నీరసం మెషీన్లు అది పెట్టే బరువంతా మోయలేవు. దేనికెంత బరువు పెట్టాలో చూసి పెట్టాలి. సన్న రాడ్డును ఎంత వంచితే చిట్లుతుందో చేతికి తెలిసినవాడికి ఆ తూకం తొందరగానే పట్టుబడింది.

శుక్రవారం సెలవు. ఆ రోజు పొద్దున్నే బస్సెక్కి దోహాలోని నజ్మాకు వచ్చి కమాలుద్దీన్ కంప్యూటర్ దుకాణంలో రిపేర్లు చేసేవాడు. ఒక కంపెనీ వీసా మీదున్నవాడు ఇంకోచోట పనిచేయడం అక్కడ నేరం. పట్టుబడితే సరాసరి విమానమే. అందుకని దుకాణం వెనక పరదా చాటున కూర్చునేవాడు. గిరాకీ రాగానే కమాలుద్దీన్ "మా ఇంజనీర్ సాబ్ లోపలున్నారు" అని గొప్పగా చెప్పేవాడు. హైదరాబాద్ వాడు, వ్యాపారం తెలిసినవాడు. పరదా అవతల ఆ మాట వినబడ్డప్పుడల్లా జలంధర్ నిటారుగా కూర్చునేవాడు. ఊళ్ళో భార్య పుష్ప బీడీలు చుడుతూ పక్కవాళ్ళతో "మా ఆయన దుబాయ్‌ల ఇంజనీరు" అంటోందని ఉత్తరంలో తెలిసింది. అది ఖతర్ అనీ, తను ఇంజనీరు కాదనీ రెండూ దిద్దాలి. ఒక్కటీ దిద్దలేదు. అక్కడితో ఆగినా బాగుండేది.

తొంభై ఏడు చలికాలంలో ఒక శుక్రవారం, ఓబులయ్య అనే హౌస్ డ్రైవర్ ఒక పాత కంప్యూటర్ మోసుకుంటూ దుకాణానికి వచ్చాడు. కడప జిల్లావాడు. ఉమ్ సలాల్‌లో అహ్మద్ అలీ అనే పెద్దమనిషి ఇంట్లో తొమ్మిదేళ్ళుగా బండి తోలుతున్నాడు. అహ్మద్ అలీ సర్కారు ఆఫీసులో గుమాస్తా. ఆఫీసువాళ్ళు పాత కంప్యూటర్లు తీసేస్తుంటే కూతురు సుర్రయ్యా కోసం ఒకటి తెచ్చాడు. అందులో బొమ్మలు సరిగ్గా రావడం లేదు.

మానిటర్ బల్ల మీద దించుతూ ఓబులయ్య నడుం పట్టుకుని, "అబ్బ, ఏం బరువుండాదిరా సామీ" అని తనలో తను అనుకున్నాడు.

జలంధర్ నోటిదాకా తెలుగు వచ్చింది. వచ్చి ఆగింది. ఖతర్‌లో ఇద్దరు తెలుగువాళ్ళు కలిస్తే నాలుగు ప్రశ్నలు తప్పవు: ఏ ఊరు, ఏ కంపెనీ, ఏ క్యాంపు, ఏం పని. నాలుగో ప్రశ్నకు ఇంజనీర్ సాబ్ గుట్టు రట్టవుతుంది. అందుకని ముఖం బిగించి హిందీలోనే మాట్లాడాడు. పెట్టె విప్పి చూశాడు. ఎవరో కార్డు మార్చి, పాత కార్డు డ్రైవర్నే ఉంచేశారు. కొత్త కార్డుకు సరిపడే ఫ్లాపీ దుకాణంలో లేదు, వెతికి తేవాలి. ఆ సంగతి తెలుగులో చెబితే అర నిమిషం పని. అలా చెబితే అది మామూలు మాట అయిపోతుంది గదా! మన ఇంజనీరుగారు తెల్లకాగితం తీసి, పెద్ద పెద్ద ఇంగ్లీషు అక్షరాలతో ఇలా రాశాడు: 'డ్రైవర్ నాట్ గుడ్. ఓల్డ్ డ్రైవర్ రిమూవ్. న్యూ డ్రైవర్ మస్ట్. అదర్‌వైజ్ ఫుల్ డ్యామేజ్.' కింద దుకాణం ఫోన్ నంబరు వేసి సంతకం కూడా గీకాడు.

"యే కాగజ్ బాబాకో దేదో" అని, కాగితం యజమానికి ఇవ్వమని ఓబులయ్య చేతిలో పెట్టాడు. ఓబులయ్యకు ఇంగ్లీషు రాదు. దాన్ని భద్రంగా మడిచి జేబులో పెట్టుకుని, కంప్యూటర్ను మళ్ళీ బండికెక్కించి తీసుకుపోయాడు.

వారం తిరిగింది. శుక్రవారం పొద్దున తొమ్మిదింటికి జలంధర్ పరదా వెనక కూర్చుని ఉన్నాడు. ఉమ్ సలాల్ మెషీన్ కోసం సంపాదించిన ఫ్లాపీ జేబులోనే ఉంది. పరదా సర్రున పక్కకు జరిగింది. ఓబులయ్య. వారంలోనే మనిషి సగమయ్యాడు. గడ్డం మాసింది, కళ్ళు ఎర్రగా ఉన్నాయి. చేతిలో ఆ కాగితం.

"నా మీద ఏం రాసినావు?" అన్నాడు తెలుగులో.

జలంధర్ హిందీ వెతుక్కుంటున్నాడు. ఓబులయ్య ఆగలేదు.

"నువ్వు తెలుగోడివని నాకు ఆ పొద్దే తెలుసు. స్క్రూడ్రైవరు యేలికి గుచ్చుకుంటే 'నీయవ్వ' అంటివి. పెద్ద సదువు సదివినాయన, మనతో యాల మాట్లాడతాడులే అని ఊరకుంటి. నేను నీకేం అన్యాయం చేసినా సామీ? నా కూడు యాల తీస్తివి?"

"నేనేం తీసిన? ఏమైందో చెప్పన్నా జెర" అన్నాడు జలంధర్. తెలుగు దానంతటదే బయటికి వచ్చేసింది.

ఓబులయ్య చెప్పాడు. కాగితం చదివి బాబా ముఖం నల్లబడింది. ఇళ్ళల్లో పనిచేసేవాళ్ళు యజమానిని బాబా అనే పిలుస్తారు. "దారిలో ఏమైనా జరిగిందా?" అని బాబా అడిగాడు. ఓబులయ్య అబద్ధం ఆడలేక, రౌండబౌట్ దగ్గర ఎవడో అడ్డమొస్తే బ్రేకు కొట్టాననీ, పెట్టె కాస్త జారిందనీ చెప్పాడు. బాబా వెంటనే కాగితం మీదున్న నంబరుకు దుకాణానికి ఫోన్ చేశాడు. అవతల్నుంచి ఏం చెప్పారో ఏమో, ఫోన్ పెట్టేసి, పనికిరాని డ్రైవరువని రాశారంటూ కాగితం విసిరేసి "ఖలాస్" అన్నాడు. ఇక అయిపోయిందని. మర్నాడే టికెట్ తీశాడు. వీసా రద్దు చేసి పంపేస్తున్నాడు.

"రేపు సాయంత్రం బొంబాయి విమానం. ఇంటికి కావాల్సినవి కొనుక్కోపో అని ఈ పొద్దు బండిచ్చి పంపినాడు. తొమ్మిదేండ్లు! బండికి ఒక గీత పడనీలేదు. ఇద్దురు పిల్లోల్లు పొద్దుటూరు హాస్టల్లో సదువుతాండారు. పనికిరాని డ్రైవర్ అని పంపిస్తే ఇంగ నన్ను ఎవురు పెట్టుకుంటారు?"

జలంధర్ కాగితం తీసుకుని చదివాడు. తన రాత తనే చదివాడు. డ్రైవర్ నాట్ గుడ్. ఓల్డ్ డ్రైవర్ రిమూవ్. 

ఖతర్ ఇళ్ళల్లో కారు తోలేవాణ్ణి 'దరేవల్' అంటారు. ఇంగ్లీషు డ్రైవరే అరబ్బీ నోట్లో నలిగి అలా అయింది. అహ్మద్ అలీకి తెలిసిన డ్రైవర్ ఒకడే. ఆ ఒక్కడే పెట్టెను మోసుకెళ్ళాడు, ఆ ఒక్కడే కాగితం మోసుకొచ్చాడు.

"కమాలుద్దీన్ భాయ్" అని కేక పెట్టాడు జలంధర్. "పోయిన శుక్రవారం ఉమ్ సలాల్ నుంచి ఫోన్ వస్తే ఏం చెప్పినవ్?"

కమాలుద్దీన్ గుర్తు తెచ్చుకున్నాడు. కాగితం నిజమేనా అని ఆయనెవరో అడిగాడట. ఈయన తన దుకాణం అరబ్బీలో జవాబిచ్చాడట: "నిజమే బాబా. దరేవల్ ఖరాబు. దరేవల్ జదీద్ కావాలి." జదీద్ అంటే కొత్తది.

"నా నోటితో నేనే మనిషిని పంపించేశానా?" అని కమాలుద్దీన్ నెత్తి మీద చెయ్యి పెట్టుకున్నాడు. ఓబులయ్యకు ఇంకా ఏమీ అర్థం కాలేదు. జలంధర్ కాగితం చూపించి తెలుగులో విడమరిచి చెప్పాడు. డ్రైవర్ అనేది కంప్యూటర్లో ఉండే ఒక వస్తువు, ఆ రాసింది దాని గురించి. ఓబులయ్య చాలాసేపు ఆయన ముఖంలోకి చూశాడు.

"ఈ మాట ఆ పొద్దు నాతో తెలుగులో చెప్పింటే?"

 జలంధర్ సిగ్గుతో తల వంచుకున్నాడు.

ఫోన్లో చెబుదామని కమాలుద్దీన్ ప్రయత్నించాడు. అహ్మద్ అలీ సగంలోనే కోప్పడ్డాడు. పోయినవారం డ్రైవర్ ఖరాబన్నారు, ఈ వారం కాదంటున్నారు, మీ హిందీవాళ్ళంతా, ఇండియా నుంచి వచ్చినవాళ్ళంతా, ఒకటే అని ఫోన్ పెట్టేశాడు. ఇక మనిషి వెళ్ళి పని చేసి చూపించాల్సిందే. జలంధర్ ఫ్లాపీ ఉన్న జేబు తడుముకుని లేచాడు.

కమాలుద్దీన్ చెయ్యి పట్టుకున్నాడు. "పిచ్చా నీకు? ఖతరీ ఇంట్లో అడుగుపెడితే మొదట బతాకా అడుగుతాడు. హద్దాద్ అని చూస్తే? ఒక్క ఫోన్ కొడితే నువ్వూ పోతావు, నా దుకాణమూ పోతుంది."

"నీ దుకాణం పేరు చెప్పను" అన్నాడు జలంధర్. "నేను రాసిన కాయితం, నేనే పోత."

దోహా దాటి ఉత్తరాన ఉమ్ సలాల్‌కు అరగంట దారి. ఓబులయ్య తోలుతున్నాడు. అంత బాధలోనూ మలుపు దగ్గర ఇండికేటర్ మర్చిపోవడం లేదు, స్పీడు దాటడం లేదు. జలంధర్‌కు అది చూస్తుంటే ఇంకా నొప్పిగా ఉంది. మంచి డ్రైవర్ అనడానికి ఇంతకంటే ఏం కావాలి? నాట్ గుడ్ అని రాసింది తన చెయ్యే.

"పని కాకపోతే?" అన్నాడు ఓబులయ్య ఉన్నట్టుండి.

"అయితది."

"కాకపోతే?"

జలంధర్ కిటికీలోంచి బయటికి చూశాడు. ఆ కార్డుకు ఆ ఫ్లాపీ సరిపోతుందని తనకూ ఖాయంగా తెలియదు. సరిపోవాలి అంతే.

అహ్మద్ అలీ మజ్లిస్‌లో, అంటే మగవాళ్ళు కూర్చునే ముందుగదిలో ఉన్నాడు. యాభై దాటిన మనిషి, పాదాలదాకా ఉండే తెల్లటి తోబ్ అంగీ మడత నలక్కుండా కూర్చునే రకం. కంప్యూటర్ ఓ మూల బల్ల మీద ఉంది. పక్కన పన్నెండేళ్ళ సుర్రయ్యా. తండ్రి కోపం చూసి ఆ పిల్ల కదలకుండా నిలబడి ఉంది.

ఓబులయ్య ఇంటి అరబ్బీలో ఉన్నదున్నట్టు చెప్పాడు. బాబా, కాగితంలో ఉన్న దరేవల్ నేను కాదు, ఈ పెట్టెలో ఇంకో దరేవల్ ఉంటాడంట.

అహ్మద్ అలీ నవ్వలేదు. లేచి వచ్చి కంప్యూటర్ మీద చెయ్యేశాడు. "ఈ డబ్బాలో దరేవల్ ఉన్నాడా? ఎక్కడ? చూపించు."

డ్రైవర్ను ఎలా చూపిస్తాడు? అది కంటికి కనబడే వస్తువు కాదు. అది చేసే పనే కనబడుతుంది. "పని చేసి చూపిస్తా" అన్నాడు జలంధర్ వచ్చీరాని అరబ్బీలో.

"నువ్వెవరు? ముహందిస్‌వా?" ఇంజనీరువా అని అడిగాడు.

ఎన్ని శుక్రవారాలు ఎదురుచూశాడో ఈ ప్రశ్న కోసం! పరదా వెనకైతే అవునని గొంతు పెంచి చెప్పేవాడు. ఇప్పుడు జేబులోంచి ఫ్లాపీ తీసి చూపించాడు. అహ్మద్ అలీ చెయ్యి చాపాడు. "బతాకా."

తీసి ఇచ్చాడు. అహ్మద్ అలీ చదివాడు, కార్డు తిప్పి చూశాడు, మళ్ళీ చదివాడు. "హద్దాద్!" అన్నాడు. "ఇనుము వంచేవాడు నా దరేవల్ మీద కాగితం రాస్తాడా? ఇనుము వంచేవాడు వచ్చి నా కూతురి కంప్యూటర్ ముడతాడా?" కార్డు తిరిగి ఇవ్వలేదు. తన జేబులో వేసుకున్నాడు. "జుమా నమాజుకు పోతాను. నేను గడప దాటేలోపు చూపించు. లేకపోతే మీ ఇద్దరి సంగతీ ఒకేసారి తేలుస్తాను."

గోడ గడియారంలో పదకొండు దాటి ఐదు నిమిషాలు. పదకొండున్నరకు ఆయన బయలుదేరతాడు.

జలంధర్ స్విచ్ వేశాడు. మెషీన్ మేల్కొని, ఎనిమిది మెగాబైట్ల జ్ఞాపకశక్తిని ఒక్కొక్కటే లెక్కపెట్టుకుంటూ కూర్చుంది. విండోస్ రావడానికి మూడు నిమిషాలు. ముందున్న డ్రైవర్ తీసేసి, ఫ్లాపీ తోసి, కొత్తది ఎక్కించమన్నాడు. ఫ్లాపీ కరకరమంది. ఆగింది. మళ్ళీ కరకరమంది. పని పూర్తయిందన్న మాట తెర మీదకొచ్చింది. జలంధర్ ఊపిరి వదిలాడు.

అక్కడే తప్పు చేశాడు. ఎంత పెద్ద తెర కావాలి, ఎన్ని రంగులు కావాలి అని కంప్యూటర్ అడిగింది. ఈ మెషీన్ నీరసం, కార్డులో ఉన్నది ఒక్క మెగాబైటు, ఆ మానిటర్ ఇంకా పాతది. తక్కువే పెట్టాలని తెలుసు. కానీ వెనక నిలబడ్డ పెద్దమనిషి కళ్ళు చెదరాలని చెయ్యి లాగింది. కాగితం రాసిన చెయ్యే! పెద్ద తెర, ఎక్కువ రంగులు ఎంచి మెషీన్ను మళ్ళీ స్టార్ట్ చేశాడు.

తెర నల్లబడింది. తర్వాత ఏటవాలు గీతలు అటూ ఇటూ పరిగెత్తాయి. మానిటర్ లోపల్నుంచి సన్నగా కీచుమని చప్పుడొచ్చింది. సుర్రయ్యా చెవులు మూసుకుంది.

"ఇంతకుముందు కనీసం ఏదో కనిపించేది" అన్నాడు అహ్మద్ అలీ. గొంతు పెంచలేదు, అదే భయంగా ఉంది. "ఇప్పుడు అదీ లేదు."

ఓబులయ్య గోడకు ఆనుకున్నాడు.  రెండు చేతులూ జోడించాడు, ఎవరికి జోడించాడో తనకే తెలియదు. జలంధర్ గబుక్కున స్విచ్ ఆపేశాడు.  పదకొండూ పదిహేను.

మళ్ళీ వేసి, తెర మీద మొదటి అక్షరాలు పడగానే కీబోర్డు మీద ఎఫ్-ఎనిమిది నొక్కాడు. అలా నొక్కితే కంప్యూటర్ బరువులన్నీ దించేసుకుని, ఒంటి మీది బట్టతో లేచినట్టు లేస్తుంది. తప్పు సరిదిద్దుకోవడానికి అదొక్కటే దారి. కానీ అలా లేవడానికి మామూలుకంటే ఎక్కువసేపు పడుతుంది. గదిలో గడియారం చప్పుడు తప్ప ఏమీ లేదు. ఆ చప్పుడు భరించలేక జలంధర్ మాట్లాడటం మొదలుపెట్టాడు.

"నేను హద్దాద్‌నే బాబా. మూడేండ్లు రాడ్లు వంచిన." అరచేతులు తిప్పి కాలిన మచ్చలు చూపించాడు. రానిచోట ఓబులయ్య అరబ్బీలో అందించాడు. "సైటాఫీసుల కొత్తగ కూసున్నప్పుడు, కంప్యూటర్ ఖరాబైతే ఇంజనీరు చూసి 'డ్రైవర్ లేడు, డ్రైవర్ కావాలె' అన్నడు. నేను ఉరికిపోయి, బయట పికప్ తోలే పఠాన్ను పట్టుకచ్చి ఆయన ముంగట నిలబెట్టిన. ఆ పఠాన్ సలాం కొట్టి 'ఎటు పోవాలె సార్' అన్నడు."

సుర్రయ్యా కిసుక్కున నవ్వి నోరు మూసుకుంది. అహ్మద్ అలీ నవ్వలేదు కాని, చేతి గడియారం వైపు వెళ్తున్న చూపు ఆగింది.

"తెల్వక నేను చేసిన తప్పే మీరు చేసిన్రు. తెల్సిన తరువాత గూడ గసుంటి కాయితం రాసిన సూడు, నాది పెద్ద తప్పు. ఇంజనీరు అనిపించుకోవాలని ఇంగ్లీషుల రాసిన. ఈయనతోని తెలుగుల చెప్తే అయిపోవు. పంపితే నన్ను పంపుండ్రి. ఈయన ఏం చెయ్యలే."

ఓబులయ్య అరబ్బీలో చెబుతూ చివరి మాటల దగ్గర ఆగిపోయాడు. 'నన్ను పంపుండ్రి' అన్నది మాత్రం చెప్పలేదు. చెప్పకపోయినా అహ్మద్ అలీకి ముఖం చూసి అర్థమైనట్టే ఉంది.

తెర వెలిగింది. జలంధర్ ఈసారి ఎచ్చులకు పోలేదు. చిన్న తెర, రెండువందల యాభై ఆరు రంగులు. అంతే. వెనకున్న పెద్ద బొమ్మ తీసేశాడు. కిటికీలు ఎగిరి తెరుచుకునే ఆటలన్నీ ఆపేశాడు. కార్డు మీద పడే పనిభారం తగ్గించే గుర్తును తెర మీది కొలబద్ద మీద రెండు గీతలు వెనక్కి జరిపాడు. మళ్ళీ స్టార్ట్. పదకొండూ ఇరవై మూడు. మెగాబైట్ల లెక్క. ఇసుక గడియారం. నల్లతెర. నల్లతెర ఇంకా ఉంది. ఓబులయ్య కళ్ళు మూసుకున్నాడు.

తెర నీలంగా వచ్చింది. గీతలు లేవు. సుర్రయ్యా తన సీడీ పెట్టింది. జంతువుల బొమ్మలున్న సీడీ అది. మొన్నటిదాకా మురికి మచ్చలా కనిపించిన గద్ద గోధుమరంగు ఈకలతో, పసుపు కళ్ళతో తెర నిండా నిలబడింది. ఆ పిల్ల "యాబా!" అని, నాన్నను పిలుస్తూ, ఆనందంగా కేక పెట్టి తండ్రి చెయ్యి లాగింది.

అహ్మద్ అలీ వంగి చూశాడు. "ఇదా దరేవల్?"

"ఇదే బాబా" అన్నాడు జలంధర్. "బండి ఉన్నా తోలేటోడు లేకుంటే కదలదు గదా, గట్లనే."

జలంధర్ తెచ్చిన ఆ కాగితం తీసుకుని అహ్మద్ అలీ మళ్ళీ చదివాడు. ఓల్డ్ డ్రైవర్ రిమూవ్. పెదాలు కదిలాయి. తర్వాత నవ్వడం మొదలుపెట్టాడు. మొదట మెల్లగా, తర్వాత పొట్ట పట్టుకుని, కళ్ళ నీళ్ళు కారేదాకా. కూతురికి చెప్పాడు, ఆ పిల్లా నవ్వింది. బతాకా జేబులోంచి తీసి జలంధర్ చేతిలో పెట్టి, ఇనుము వంచేవాడివి గట్టివాడివే అని భుజం తట్టాడు. 

ఓబులయ్య నవ్వలేదు.

"బాబా, ఒక మాట" అన్నాడు. "ఆ రంగులు రాకపోయింటే నన్ను పంపించేసేటోనివా?"

అహ్మద్ అలీ నవ్వు ఆగింది. అబద్ధం చెప్పి తప్పించుకోవచ్చు. ఎలాంటివాడో గాని, తప్పించుకోలేదు. "అవును" అన్నాడు. "టికెట్ కూడా తీశాను గదా."

"తొమ్మిదేండ్లు తోలినా. ఒక్కసారి కూర్చోబెట్టి ఏం జరిగిందిరా అని పూర్తిగా అడగలేదు నువ్వు."

 ఇంటి దరేవల్ బాబాతో ఇలా మాట్లాడటం సుర్రయ్యా పుట్టి ఎరగదు. అహ్మద్ అలీ కాగితం మడిచాడు, విప్పాడు, మళ్ళీ మడిచాడు. టికెట్ రేపు పొద్దున్నే వెనక్కి ఇచ్చేస్తానన్నాడు చివరికి.

"ఇయ్యొద్దు" అన్నాడు ఓబులయ్య. "మూడేండ్లయింది ఊరికి పొయ్యి. ప్రతి ఏడూ సెలవు అడుగుతానే ఉండా, బండి ఎవురు తోలతారు అంటానే ఉండావు. వీసా రద్దు చెయ్యొద్దు. రేపు టికెట్ ఎట్లాగూ ఉండాది, నేను పోతా. రెండు నెలలకు తిరిగొచ్చే టికెట్ గూడా తీయి."

"ఈ రెండు నెలలు నా బండి ఎవరు తోలతారు?"

"దరేవల్ జదీద్" అన్నాడు ఓబులయ్య. "కాగితంలో రాసుండాది గదా బాబా."

మసీదు నుంచి పిలుపు మొదలైంది. అహ్మద్ అలీ లోపలికి పోయాడు. బయటికి వచ్చినప్పుడు చేతిలో, ఇన్నాళ్ళూ తన దగ్గరే దాచుకున్న ఓబులయ్య పాస్‌పోర్టు ఉంది. దాన్ని ఓబులయ్య చేతికిచ్చి, రెండు నెలలంటే రెండే నెలలు అని వేలు చూపించి, చెప్పులు వేసుకుని మసీదు వైపు నడిచాడు.

ఇద్దరూ వచ్చి బండిలో కూర్చున్నారు. జలంధర్ను నజ్మాలో దింపాలి. పాస్‌పోర్టు చొక్కా జేబులో పెట్టుకుని ఓబులయ్య తాళం చెవి తీశాడు.  చెవి సందులో దూరలేదు. మళ్ళీ ప్రయత్నించాడు. ఈసారి చేతిలోంచి జారి కాళ్ళ కింద పడింది. పొద్దుట్నుంచీ నిబ్బరంగా బండి తోలిన మనిషి స్టీరింగు మీద తల ఆనించి వెక్కి వెక్కి ఏడ్చాడు.

జలంధర్ వంగి తాళం చెవి తీశాడు. బండి తోలడం తనకు రాదు. చెవిని అరచేతిలో పట్టుకుని, "తొందరేం లేదన్నా" అన్నాడు. "నిమ్మళంగ పోదాం."